పుర్రెబొమ్మ చెప్పని కథ

"ఈ వారం ఎవణ్ణి చంపారే?"

ఆదివారం పొద్దున మెట్ల మీద మామ్మ అడిగే మొదటి మాట అదే. ఎదురువాటా మామ్మ. ఆమె పక్కన పైవాటా నర్సు, కిందివాటా టీచరమ్మ. ముగ్గురి ఒళ్ళోనూ ఏదో ఒక పని ఉంటుంది. ముగ్గురి చూపూ టైలరమ్మ మీదే ఉంటుంది.

నిజంగా చెప్పుకోదగ్గ టీవీ షోనే అది. శనివారం మధ్యాహ్నం మూడింటికి వస్తుంది. పుర్రెబొమ్మ ఒకటి కుర్చీలో కాలు మీద కాలు వేసుకుని, జోకులేస్తూ వారానికో కథ చెబుతుంది. ప్రతి కథలోనూ ఒక దుర్మార్గుడు. సరిగ్గా అరగంటలో వాడి పాపం పండుతుంది. పిండిమరలో పడి ఒకడు, సొంత బోనులో చిక్కుకుని ఒకడు. తెర మీద నెత్తురు కారుతుంటే చూసేవాళ్ళు పొట్ట పట్టుకుని నవ్వుతారు. మరి బయట లోకంలో అంత త్వరగా ఎవడి పాపం పండింది గనక?

ఆ చానెల్ మేడ మొత్తానికి టైలరమ్మ ఇంట్లో ఒక్కచోటే వచ్చేది. కానీ టైలరమ్మ ఆ షో ఒక్కసారీ చూడలేదు.

మూడయ్యేసరికి ఆమె మొగుడు తలుపు గడియ పెట్టేవాడు. టీవీ సౌండు చివరిదాకా పెంచేవాడు. తరవాత నడుముకున్న బెల్టు తీసేవాడు. బయట అతన్ని అందరూ పెద్దమనిషి అనే పిలుస్తారు. ముసలివాళ్ళు ఎదురైతే చేతిసంచీ అందుకుని మెట్లెక్కిస్తాడు మరి. లోపల మాత్రం పుర్రెబొమ్మ నవ్వినప్పుడల్లా ఒక దెబ్బ. టీవీలో అరుపులూ ఇంట్లో అరుపులూ కలిసిపోయేవి.

"అరుచుకోవే, ఎంతైనా అరుచుకో. ఈపూట అరిచేవాళ్ళు బోలెడుమంది" అనేవాడు.

అందుకని ఆదివారం పొద్దున ఆమె కథ కల్పించేది. తన వీపు మీద పడ్డవన్నీ కథలో ఇంకెవరి వీపు మీదో వేసేది.

"నిన్న గొంతు పిసికిందెవరమ్మా? పైన మా వాటాదాకా వినపడింది" అనేది నర్సు.

"దొంగ. ఆ ఇంటావిడ మరిగే నూనె వాడి మొహాన పోసింది."

"బాగా చేసింది. మరి నీ పెదవేంటి, అట్లా వాచింది?"

"సూది గుచ్చుకుందక్కా."

"పెదవికా?"

"దారం నోటితోనేగా తెంపేది."

నర్సు నవ్వేసి ఊరుకునేది. సాయంత్రానికి టైలరమ్మ గుమ్మంలో మందు ట్యూబు ఒకటి ఉండేది, 'సూదిపోటుకి' అని చీటీతో సహా. టీచరమ్మ కథలో తప్పులు పట్టేది. "పోయిన వారమూ గొంతు పిసకడమేగా? ఈ పుర్రెకి బుర్ర అరిగిపోయింది."

మామ్మది ఎప్పుడూ ఒకటే ప్రశ్న.

"ఆ పిల్ల చివరికి బతికిందా, లేదా?"

"బతికింది మామ్మా."

"హమ్మయ్య. అయితే పై వారం కూడా విందాం."

ఒక శనివారం సాయంత్రానికి ఇరవై జతల స్కూలు బట్టలు ఇవ్వాల్సి వచ్చింది. టైలరమ్మ అటక మీంచి పాత బొగ్గుల ఇస్త్రీపెట్టె దించుకుంది. నాలుగు కిలోల ఇనుము. మామ్మా వాళ్ళు అప్పటికే మెట్ల మీద చేరి, అట్టముక్కలతో విసురుకుంటూ చిక్కుడుకాయలు ఒలుస్తున్నారు. మూడింటికి లోపల గడియ పడింది.

"పొద్దున వచ్చినవాడెవడే?" అన్నాడు పెద్దమనిషి.

"కొలతలివ్వడానికి..."

మాట పూర్తి కానివ్వలేదు. జుట్టు పట్టుకుని ఆమె తల కుట్టుమిషనుకేసి కొట్టాడు. కనుబొమ చిట్లింది. అరవబోతే ఎడంచేత్తో నోరు నొక్కేశాడు. ఎప్పుడూ లేనిది. కుడిచేత్తో బల్ల మీది పెద్ద కత్తెర తీశాడు.

"ఇవాళ్టితో నీ కథ సరి" అన్నాడు.

ఆమె ఆ ఎడంచేతిని ఎముక తగిలేదాకా కొరికింది. వాడు చెయ్యి లాక్కున్నాడు. ఆమె చేతికి ఇస్త్రీపెట్టె పిడి తగిలింది.

మొదటి దెబ్బకి కత్తెర జారిపోయింది. రెండో దెబ్బకి "వద్దు, వద్దే తల్లీ" అని వీధి చివరిదాకా వినపడేలా అరిచాడు. మూడో దెబ్బకి అరుపు లేదు. నాలుగోది పడనక్కర్లేదు. అయినా పడింది.

ఏడింటికి ఇన్‌స్పెక్టర్ వచ్చేసరికి గదిలో ఫ్యాను తిరుగుతోంది, టీవీ పెద్దగా మోగుతోంది. ఇస్త్రీపెట్టె దించడానికి మొగుడు స్టూలెక్కి పెట్టెతో సహా పడ్డాడని, పట్టుకోబోయి తనూ పడ్డానని చెప్పింది టైలరమ్మ. నాలుగు దెబ్బలకీ నాలుగు చూపించింది. పెట్టె, స్టూలు, మిషను, గడప. కథ కట్టడం ఆమెకు అలవాటే.

ఇన్‌స్పెక్టర్ నమ్మలేదు. మెట్ల దగ్గరికి వచ్చి ముగ్గురు ఆడవాళ్ళనీ నిలబెట్టాడు.

"రోడ్డవతల సైకిల్ షాపువాడు మూడింటికి మగగొంతు విన్నాడట. వద్దు వద్దని ఏడ్చిందట."

గుమ్మంలో టైలరమ్మ చిట్లిన కనుబొమకి పైటకొంగు అదిమిపెట్టుకుంది.

"అది టీవీ నాయనా" అంది మామ్మ. "ప్రతి శనివారం ఇదే గోల. ఆ పుర్రెబొమ్మ షో."

"ఈ వారం కసాయివాడి కథ" అంది టీచరమ్మ. "వద్దే తల్లీ అన్నది వాడే."

"నాలుగు దెబ్బలు సార్. ఇక్కడ కూర్చుని లెక్కపెట్టాం కూడా" అంది నర్సు.

ఇన్‌స్పెక్టర్ మొహం కాస్త విప్పారింది.

"నాకూ ఆ షో అంటే పిచ్చి. డ్యూటీ పడి ఈ వారం చూడలేదు. చివరికి ఏమైంది?"

"ఆ పిల్ల బతికింది నాయనా" అంది మామ్మ.

అతను నవ్వి, కాగితం మీద 'ప్రమాదం' అని రాసుకుని మెట్లు దిగిపోయాడు.

మధ్యాహ్నం పన్నెండింటికి పోయిన కరెంటు ఆ మేడకి సాయంత్రం ఆరున్నర దాకా రానేలేదని ముగ్గురిలో ఒక్కరూ అతనితో అనలేదు.