ఇంటి మనిషి

తమ్ముడు ఓదెలు అన్నం తింటుండగానే స్వరూప ఇంట్లో ఫ్రిజ్జుకు దానంతటదే తాళం పడింది. బాకీ ఎగ్గొట్టినవాడు ఏ ఇంట్లో ఉంటే ఆ ఇంటి సామానంతా జప్తే.

"అది నా పైసలతోటి కొన్న. వాని బాకీకి మాకేం సంబంధం?" అని గోడకున్న జప్తు పెట్టెను అడిగింది స్వరూప.

"అతను మీ ఇంటి మనిషి కాదని తేలితే వదిలేస్తాం," అంది పెట్టె.

లోపల పాప పాలకోసం ఏడుస్తోంది.

ఓదెలు చెయ్యి కడుక్కుని బయటికి వెళ్లి, తలుపు వేసి, బయటినుంచి తట్టాడు.

"అమ్మా, జర మంచినీళ్లు ఇప్పిస్తరా?"

స్వరూప తల ఎత్తకుండా చెంబు అందించింది.

"ఏ ఊరు మీది?" అని అడిగింది.

వెనక ఫ్రిజ్జు తెరుచుకుంది. కంచంలో అతను కలుపుకున్న అన్నం అట్లాగే ఉంది.