ఎర్ర డబ్బా

"అమ్మా, కాసిని మంచినీళ్ళు ఇప్పిస్తారా?"

మెకానిక్ షెడ్డు ముందు కారు ఆపి దిగిన పెద్దాయన అడిగాడు.

షెడ్డు వెనకే మేస్త్రి కాపురం. మేస్త్రి భార్య గ్లాసుతో నీళ్ళు తెచ్చి ఇచ్చింది.

పెద్దాయన ఒక గుక్క తాగి ఆగాడు. గ్లాసును వెలుతురుకేసి పట్టుకుని చూశాడు. నీళ్ళ మీద సన్నటి నూనె పొర తేలుతోంది.

"ఈ నీళ్ళు ఎక్కడివమ్మా?"

"మా పెరటి బావివే బాబాయిగారూ. కాచి వడగట్టినా ఈ మధ్య ఆ వాసన వదలడం లేదు. దగ్గర్లో ఇంకో బావి లేదు. ఇది పాడైతే షెడ్డూ ఇల్లూ వదిలి పోవాల్సిందే," అంది ఆమె, తనదే తప్పయినట్టు.

ఆయన మిగతా నీళ్ళు కూడా పూర్తిగా తాగాడు. తర్వాత బావి చూపించమన్నాడు.

బావి పక్కనే నడుమెత్తున గుట్ట ఉంది. అన్నీ బండ్లలోంచి తీసి పారేసిన ఆయిల్ ఫిల్టర్లే, అన్నీ ఎర్ర రంగు డబ్బాలే. గుట్ట అడుగున మట్టి నల్లగా, జిగటగా ఉంది.

మేస్త్రి కూడా వెనకే వచ్చాడు. కొత్త మనిషి దొరికితే తన పనితనం గురించి చెప్పుకోకుండా ఉండలేడు.

"ఎర్ర డబ్బా తప్ప ఇంకోటి మా షెడ్డు గడప తొక్కదండీ. ఇది పెడితే ఇంజను పదికాలాలు చల్లగా ఉంటుంది. చేసినాయనెవరో గాని, ఆయనకి గుడి కట్టాలి."

పెద్దాయన వంగి ఒక డబ్బా తీసుకున్నాడు. అందులోంచి నల్లటి నూనె కారి ఆయన తెల్లచొక్కా మీద పడింది. చొక్కా తుడుచుకోకుండా, డబ్బాను జేబురుమాలులో చుట్టుకున్నాడు.

"ఇది నేను తీసుకెళ్ళొచ్చా?"

"తుక్కుకి అడగడం దేనికండీ, గుట్టంతా పట్టుకుపొండి," అని నవ్వాడు మేస్త్రి.

వానలు మొదలయ్యే ముందు పెద్దాయన మళ్ళీ వచ్చాడు. ఈసారి భుజాన బరువైన సంచి ఉంది. అందులోని ఫిల్టర్లు తీసి బల్ల మీద పరిచాడు.

"వ్యాన్లకి ఈ స్టీలు జాలీది పెట్టండి. కడిగి మళ్ళీ మళ్ళీ వాడుకోవచ్చు. లోపలి కాగితం ఒక్కటే మార్చే కార్లకి ఇది, ఇందులో పారేసే ఇనప డబ్బా లేదు. కడిగిన నూనె మాత్రం నేల మీద పోయకండి. డ్రమ్ములో పట్టి, పాత నూనె కొనేవాళ్ళకి ఇచ్చేయండి."

"మరి ఎర్ర డబ్బాకి ఏం రోగం?"

"ఇంజనుకి అది మంచిదే. మీ బావికే మంచిది కాదు. బోర్లించి కార్చకుండా పారేస్తే, కడుపులో మిగిలిన నూనంతా మట్టిలోకే దిగుతుంది."

మేస్త్రికి కోపం ముక్కు మీదే ఉంటుంది. పైగా తన ఎర్ర డబ్బాని అంటే ఊరుకుంటాడా?

"ఎంత కమీషనిస్తున్నారేంటి పెద్దాయనా? ఒకరు కష్టపడి పేరు తెచ్చుకున్న సరుకు మీద దుమ్మెత్తి పోసి బతకడం కూడా ఒక బతుకేనా?"

పెద్దాయనకి కోపం రాలేదు.

"మాట పడాల్సినవాణ్ణే లెండి," అన్నాడు.

సంచి అక్కడే వదిలేసి, మేస్త్రి భార్య వైపు తిరిగాడు.

"ఆ గుట్ట తీయించమ్మా. అడుగున ఉన్న నల్లమట్టి కూడా. బావి బాగుపడుతుంది."

ఆయన వెళ్ళగానే ఆమె మొగుడి మీద విరుచుకుపడింది.

"మనింట నీళ్ళు తాగిన మనిషిని అన్నేసి మాటలంటారా? మీ ఎర్ర డబ్బాని నెత్తిన పెట్టుకుని ఊరేగండి. నేను మాత్రం ఈ నీళ్ళతో కాపురం చేయలేను."

ఆ మాటకి మేస్త్రి దిగొచ్చాడు. సణుక్కుంటూనే ఒక స్కూలు వ్యానుకి జాలీ ఫిల్టరు బిగించాడు. వ్యాను ఏ పేచీ పెట్టలేదు. తర్వాత ఇంకో బండికి పెట్టాడు. గుట్టలోని డబ్బాలన్నీ డ్రమ్ము మీద బోర్లించి, నూనె కారాక తుక్కు కొట్టుకి పంపాడు. నల్లమట్టి తవ్వించి తీయించాడు.

మరుసటి ఏడాదికి బావినీళ్ళు తేటపడ్డాయి.

మేస్త్రి మొదటి గ్లాసును వెలుతురుకేసి పట్టి చూసి, పూర్తిగా తాగాడు.

"మంచి మనిషిని నోటికొచ్చినట్టు అన్నానే," అన్నాడు భార్యతో.

అప్పటి నుంచి షెడ్డు ముందు ఏ కారు ఆగినా తలెత్తి చూసేవాడు. ఆయన వస్తే తప్పయిందని చెప్పుకుని, ఈ నీళ్ళే తన చేత్తో ఇవ్వాలని అతని కోరిక.

ఆయన రాలేదు. ఒక రోజు, స్పేరు పార్టుల కొట్టు నడిపే బావమరిది వచ్చాడు.

"బావా, నీ ఎర్ర డబ్బా ఇక రాదు. ఏడాదిగా తగ్గిస్తూ వచ్చి ఇప్పుడు పూర్తిగా ఆపేశారు."

"అమ్ముడుపోక ఆపారా?"

"బాగా అమ్ముడుపోతుండగానే, దాన్ని తయారుచేసిన ఓనరే ఆపించాడట. కొడుకులు ఎంత మొత్తుకున్నా వినలేదట. పైగా తనే సంచి భుజాన వేసుకుని, ఇది వాడకండని షెడ్డు షెడ్డుకీ తిరిగి చెప్పాడట."

మేస్త్రి చేస్తున్న పని ఆపాడు.

"ఎందుకని అడిగితే, బల్ల మీద పెట్టుకున్న ఒక పాత డబ్బా చూపించేవాడట బావా. జేబురుమాలులో చుట్టి ఉండేదట."

"ఆయన ఎక్కడుంటారు? నన్ను తీసుకెళ్ళు."

"ఇంకెక్కడ బావా. పోయిన నెలే పోయారు."

మేస్త్రి భార్య తమ్ముడికి గ్లాసుతో నీళ్ళు తెచ్చి ఇచ్చింది.

"మీ బావినీళ్ళు ఎంత బాగున్నాయక్కా," అన్నాడతను.

మేస్త్రికి కళ్ళు చెమర్చాయి. ఆ రోజు తను గుడి కట్టాలని పొగిడిందీ, తర్వాత గడపలో నిలబెట్టి తిట్టిందీ ఒక్క మనిషినే.