కావలి కాకి గూడు

పులిరాజు అనుమతి లేకుండా అడవిలో ఎవరూ గుడ్డు పెట్టకూడదు. అలాంటి గుడ్డు కనిపిస్తే పగలగొట్టమని కాకిని కావలి పెట్టాడు. కాకి పొద్దస్తమానం పొరుగు గూళ్ళలోకి తొంగిచూసేది.

గుడ్డు పెట్టే వేళకు కోకిల భయంతో అల్లాడిపోయింది. చివరికి కాకి లేని సమయం చూసి, దాని గూట్లోనే, దాని గుడ్ల మధ్యే తన గుడ్డు పెట్టి వచ్చింది.

"ఏమే కోకిలా, పొట్ట తగ్గింది. గుడ్డెక్కడ దాచావే?" అని కాకి నిలదీసింది.

"నీ కంటపడనిది ఈ అడవిలో ఉంటుందా వదినా? వెతుక్కో," అంది కోకిల.

కాకి తొర్రతొర్రా గాలించింది. పొరుగిళ్ళు చూసే పనిలో పడి సొంత గూడు చూసుకునే తీరిక దానికెన్నడూ లేదు. సాయంత్రం అలసి వచ్చి, గుడ్లన్నిటినీ పొట్టకింద సర్దుకుంది.

"రేపు దాని సంగతి తేలుస్తాను," అని గొణుక్కుంది.

ఎదురు కొమ్మమీద కోకిల గుండెల నిండా ఊపిరి పీల్చుకుంది.