పక్కింటి అన్నయ్య

"పక్కింట్లో ఎవరుంటారో తెలియని నగరం అయిపోయింది ఇది. మీ దగ్గర అలా కాదటగా?" అంది టీవీ అమ్మాయి.

"అయ్యో, ఎంత మాట! పక్కింటాయన నాకు సొంత అన్నయ్యలాంటి వాడు," అంది ఇల్లాలు, కెమెరా వంక చూస్తూ.

'మారుతున్న నగరం' కార్యక్రమంలో కనిపించబోతున్నానని పొద్దుటే చుట్టాలందరికీ ఫోన్లు చేసిందామె. ఆడపడుచుకైతే రెండుసార్లు.

అపార్ట్‌మెంటు వరండా నిండా వైర్లు. వాటి మధ్య ఒకాయన ఇరుక్కుపోయాడు. చేతిసంచిలోంచి వేడి రొట్టెల వాసన. లైటు స్టాండు ఒరిగిపోతుంటే పట్టుకున్నాడు, ఇక వదిలే వీలు చిక్కలేదు.

"అమ్మా, నేను..."

"మాట్లాడకు బాబూ, మైకులో పడుతుంది. లైటు కాస్త పైకెత్తు, నా గడ్డం కింద నీడ పడుతోంది."

ఎత్తాడు.

"మీ అన్నయ్యగారి గురించి చెప్పండి."

"బంగారం! మేం ఊరెళితే ఈ మొక్కలన్నిటికీ ఆయనే నీళ్ళు పోస్తాడు."

"వాచ్‌మన్ కదటే పోసేది?" గొణిగాడు మొగుడు.

"మీరూరుకోండి!"

"ఏం చేస్తుంటారాయన?"

ఇల్లాలు మొగుడి వంక చూసింది. మొగుడు గోడ వంక చూశాడు.

"కోర్టులో... పెద్ద ఉద్యోగం."

లైటు ఊగింది.

"కదపకయ్యా!"

"అయితే ఆయన్ని పిలవండి," అంది టీవీ అమ్మాయి. "ఇద్దర్నీ కలిపి చూపిస్తేనే ఈ ముక్క వేస్తాం."

పక్క తలుపుకి తాళం వేలాడుతోంది.

"ఫోన్ చెయ్యండి పోనీ."

"నంబరు... పాత ఫోన్లో ఉండిపోయింది."

"అమ్మా, నేనే..."

"తర్వాత బాబూ! ఇక్కడ నా పరువు పోతుంటే!"

టీవీ అమ్మాయి మైకు వైరు చుట్టేసింది. "ఏమనుకోకండి. వెనక వీధిలో నిజంగానే ఒకరికొకరు తెలిసినవాళ్ళు ఇద్దరున్నారట, అక్కడికి వెళ్తాం."

కెమెరా మనిషి లైటు అందుకుని లిఫ్టెక్కాడు.

ఇల్లాలికి ఆడపడుచు మొహం కళ్ళముందు కదిలింది. ఆ కోపమంతా లిఫ్టు మీదికి మళ్ళింది.

"ఏమండీ, మీ లైటు బాబుని వదిలేసి పోతున్నారు!"

"మావాడా? మీ ఇంటి మనిషి అనుకునే పట్టుకోనిచ్చానమ్మా!"

లిఫ్టు తలుపులు మూసుకున్నాయి.

ఇల్లాలు మెల్లగా వెనక్కి తిరిగింది.

"కోర్టు కాదు చెల్లెమ్మా, బేకరీ. రాత్రి డ్యూటీ," అంటూ ఆయన జేబులోంచి తాళంచెవి తీసి, పక్కింటి తలుపు తెరిచి, మగ్గుతో నీళ్ళు తెచ్చి, వాళ్ళు ఊరెళ్ళినప్పుడల్లా చేసినట్టే ఆమె మొక్కలకి పోశాడు.