కోసెయ్యమన్న ముక్క

"ఆపు! అక్కడే ఆపు!" జూరకాన్ ముసలమ్మ బల్లమీద చరిచింది. "చూశావా దాన్ని? సిగ్గూ శరమూ లేకుండా పరాయిదాని మొగుడి చేత ముద్దు పెట్టించుకుంటోంది!"

ప్రభుత్వ ఫిల్ము భాండాగారంలో పనిచేసే బురుల్ పళ్ళు బిగపట్టి చిన్న తెరమీద బొమ్మ నిలిపింది. కొండమీది మేతబయళ్ళలో వేసవి సంబరం. గుర్రంమీద దూసుకుపోతున్న జడల పిల్లను తెల్లటోపీ కుర్రాడు తరిమి పట్టుకున్నాడు. ఆటలో గెలిచినందుకు ముద్దు పెడుతున్నాడు. అరవై ఏళ్ళనాటి వార్తాచిత్రం; దేశం మొత్తానికి మిగిలింది ఈ ఒక్క ప్రతే. ఫిల్ము పాడవుతున్నట్టు అప్పుడే పులిసిన వాసన కొడుతోంది. నకలు తీసే యంత్రం చెడి ఏడాదైంది. రాజధాని బిష్కెక్‌లో దాన్ని బాగుచేసేవాడు దొరకడు, పైవాళ్ళకు పట్టదు.

ఆ టోపీ కుర్రాడే ఇప్పుడు ముసలమ్మ పక్కన కూర్చున్న మంబెతాలి. తన పడుచుదనం ఒక్కసారి చూపించమని వచ్చినప్పుడు బురుల్ మొహమాటానికి పోయి సరేనంది. అప్పట్నుంచీ ప్రతి గురువారం పెళ్ళాన్ని వెంటబెట్టుకుని దిగబడుతున్నాడు.

"కత్తెర తే పిల్లా! ఆ ముక్క కోసి పారెయ్," అంది ముసలమ్మ.

"కుదరదు అవ్వా. ఇది ప్రభుత్వం సొత్తు."

"నా మొగుడు ప్రభుత్వం సొత్తా?"

మంబెతాలి ముసిముసిగా నవ్వాడు. ముసలమ్మ అతని డొక్కలో పొడిచింది. "ఇంకా నవ్వొకటి! నన్ను కట్టుకుని దాని వెంట పడతావా, ముసలోడా?"

"తల్లీ, ఇంకొక్కసారి మొదట్నుంచీ వెయ్యవూ?" అన్నాడతను, బురుల్ వైపు తిరిగి.

బురుల్ విసుక్కుంటూనే వేసింది. సగంలో ఫిల్ము టప్పున తెగింది.

దాంతో ఆమె ఓపికా తెగింది. "లేవండి! ఇద్దరూ బయటికి నడవండి! మీ ఇంటి తగాదాలకు దేశం చరిత్రను తగలెయ్యమంటారా?"

గొణుక్కుంటున్న ముసలమ్మను రెక్క పట్టుకుని తీసుకెళ్ళి, ఎవరూ లేని నడవాలో కుర్చీలో కూలేసి వచ్చింది. మంబెతాలి ఇంకా గుమ్మంలోనే నిలబడి ఉన్నాడు.

"వచ్చే గురువారం..."

"రావద్దు! ఇంకో నాలుగుసార్లు తిప్పితే ఈ ఫిల్ము పొడైపోతుంది. అయినా తాతా, మీకంత సరదాగా ఉంటే ఒక్కరే రావచ్చుగా! ఆ పెద్దావిడ కడుపు మండించడం దేనికి?"

"మండినంతసేపే నన్ను మొగుడంటుందమ్మా. ఇంటికి వెళ్ళామా, నువ్వెవరయ్యా, మా ఇంట్లో నీకేం పని అంటుంది."

"అనదూ మరి! పాత ప్రియురాలి ముద్దు వారం వారం తీసుకొచ్చి చూపిస్తుంటే నేనైతే ఇంట్లోకే రానివ్వను." బురుల్ తెగిన కొసలు అతికించడానికి జిగురు అందుకుంది. "ఇంతకీ ఎక్కడుందిప్పుడు ఆ జడల మహాతల్లి?"

ముసలాయన తల తిప్పి బయటికి చూశాడు.

"నడవాలో కూర్చుంది, తల్లీ."