మధ్య రేకు

పెద్దల్లుణ్ణి కాబట్టి తన వడ్రంగం షెడ్డు నాకేనని మామగారు మాటిచ్చారు. పోయే ముందు తీసుకెళ్లి చిన్నల్లుడి చేతిలో పెట్టారు. అప్పటినుంచి మా తోడల్లుడి షెడ్డులో రంపం మోగితే నా పళ్లు జివ్వుమనేవి.

ఒక సాయంత్రం అతనే మా ఇంటికొచ్చాడు, వైరు లేని డ్రిల్లు పట్టుకుని.

"అన్నయ్యా, బ్యాటరీ నిండుగానే ఉంది. మిషనే తిరగనని మొండికేసింది. పొద్దున్నే తలుపులు బిగించాలి."

బ్యాటరీ ఊడదీసి, అది కూర్చునే చోట చూశాను. అటూ ఇటూ ఉన్న టెర్మినల్ రేకులు మెరుస్తున్నాయి. కరెంటు వచ్చేది వాటిలోంచే. మధ్యనున్న సన్నరేకు మాత్రం పక్కకి వంగింది. బ్యాటరీ వేడెక్కిందో లేదో మిషనుకు చెప్పేది అదే. దాని మాట అందకపోతే మిషను కదలదు.

సరిచేయడం చిటికెలో పని. నా కడుపుమంట చేయనిస్తేగా!

"బ్యాటరీ చచ్చింది. కొత్తది కొనుక్కో," అన్నాను.

కూర తరుగుతున్న మా ఆవిడ లేచొచ్చింది. డ్రిల్లు లాక్కుని, జడపిన్నుతో ఆ రేకును నిలబెట్టి, బ్యాటరీ తోసింది. డ్రిల్లు గిర్రున తిరిగింది.

"షెడ్డు మీ అన్నయ్యకి ఇవ్వనా అని నాన్న నన్నే అడిగారు మరిదీ," అంది, నా వంక చూడకుండానే. "ఊరికే వేడెక్కే మనిషి, పనివాళ్లు నిలవరు, వద్దన్నాను."

పోయిన మామగారిని ఆ క్షణమే క్షమించేశాను. తోడల్లుడి మీద ఏడవడమూ మానేశాను.

నేటికీ క్షమించనిది మా ఆవిడనే.