పట్టేసిన చోకు

“ఇంకా రానేదేటి బావ?”

నాగవంశీ ఈ మాట అడగడం అప్పటికి నాలుగోసారి.

“నువ్వడిగినకొద్దీ రాదు. ఊరుకో,” అన్నాడు జాక్సన్, చేతిలోని పనిముట్టుని మళ్లీ బలంగా తిప్పుతూ. అది మళ్లీ జారింది.

కూర్మన్నపాలెం అవతలి షూటింగ్ రేంజి వరండాలో, బల్లమీద నాగవంశీ గన్ను గొట్టాలు, ఒకదాని మీదొకటి ఉండేవి రెండూ, విప్పి పెట్టి ఉన్నాయి. పై గొట్టం కొసన మరలతో బిగించిన చోకు పట్టేసింది. చోకంటే వేలెడు పొడవు ఇనుప గొట్టం, అంతే. నోరు ఇరుకైనది బిగిస్తే సీసపు గుళ్లు గుంపు చెదరకుండా దూరం పోతాయి. వెడల్పైనది బిగిస్తే దగ్గర్లోనే పరుచుకుంటాయి. నిన్న దగ్గరి గురుల ప్రాక్టీసుకని వెడల్పుది బిగించారు. ఇవాళ్టి పోటీలో గాల్లోకి విసిరే మట్టి పళ్లేలను దూరాన కొట్టాలి. మొదటి దెబ్బ తప్పితే రెండోది ఈ పై గొట్టంలోంచే కొట్టాలి, అప్పటికి పళ్లెం ఎక్కడికో పోయి ఉంటుంది. వెడల్పు చోకుతో దాన్ని అందుకోవడం అయ్యే పని కాదు.

పది గంటలకు పోటీ. రాష్ట్ర జట్టులో మిగిలింది ఒక్క చోటు. అది దక్కితే స్పోర్ట్సు కోటాలో ఉద్యోగానికి దరఖాస్తు పెట్టుకోవచ్చు. నాగవంశీది పోర్టులో కాంట్రాక్టు పని, ఈ నెల ఉన్నది వచ్చే నెల ఉంటుందో లేదో చెప్పేవాడు లేడు. జాక్సన్ ఆటోనగర్‌లో లేతు షాపులో చేస్తాడు, అతని బతుకూ అంతే. ఇద్దరిదీ ఒకే క్లబ్బు, క్లబ్బువాళ్లిచ్చిన ఒకే రకం గన్నులు, పోటీ పడేదీ ఆ ఒక్క చోటుకే. అయినా పొద్దుట ఆరింటినుంచీ జాక్సన్ తన గన్ను వంక కూడా చూడలేదు. ఇలాంటి స్నేహితుడు ఎవరికుంటాడని నాగవంశీకి గుండె నిండిపోతోంది. గడియారం చూసినప్పుడల్లా అదే గుండె జారిపోతోంది.

“నిన్న గ్రీజు రాసేనో నేదో గురుతు నేదు బావ.”

“రాసుండవు,” అన్నాడు జాక్సన్ తలెత్తకుండా.

“అమ్మ ఫోన్ సేసిందని, తుడిసి లోపలెట్టమని గన్ను నీకిచ్చీసి ఎల్లిపోనాను. ఒక్క నిమిషం ఆగి చోకు తీసుంటే బాగుండును. సముద్రం గాలి కదా, ఒక్క రాత్రికే తుప్పు పట్టీసింది.”

జాక్సన్ నూనె వేశాడు. పావుగంట ఆగి తిప్పాడు. చోకు కదల్లేదు.

“ఇలాగే కొట్టీ బావ. మొదటి దెబ్బకే పడగొట్టీగలవు నువ్వు,” అన్నాడు జాక్సన్.

“పాతిక పళ్లేలూ మొదటి దెబ్బకేనా? నానేటి దేవుణ్ణా?”

నాగవంశీ వరండా ఈ కొసనుంచి ఆ కొసకు నడుస్తున్నాడు. కూచుంటే కాళ్లు ఊరుకోవు, నిలబడితే చేతులు ఊరుకోవు. అంతలో వాళ్లమ్మ చిట్టెమ్మ ఫోన్ చేసింది. స్పీకర్లో పెట్టాడు.

“అయిందేట్రా?”

“నేదమ్మా.”

“జాక్సన్ పక్కనున్నాడా?”

“ఉన్నాడు.”

“ఆడుంటే మరి నీకు బెంగేటి? ఒరే జాక్సనూ, ఇద్దరికీ పులిహోర కట్టేను. ముందు నువ్వు తిను. ఈడు కంగారులో ఎలాగూ తినడు.”

“అలాగే అత్తా,” అన్నాడు జాక్సన్. కానీ డబ్బా మూత తియ్యలేదు. ఆ గొట్టాల వంకే కాసేపు చూసి, గబుక్కున లేచి, గేటు దగ్గర పోతమ్మ టిఫిన్ బండి వైపు పరిగెత్తాడు. మరుగుతున్న నీళ్ల గిన్నెతో తిరిగొచ్చాడు. అంచులు పట్టుకున్న వేళ్లు ఎర్రబడ్డాయి.

“ఏటి సేత్తన్నావ్?”

“యేడికి వదుల్తాది.”

“తుప్పుకి యేడినీళ్లేటి బావ?”

“వదుల్తాదన్నాను కదా.”

గొట్టాల కొసను నీళ్లలో ముంచి ఉంచాడు. చల్లారితే మళ్లీ పరిగెత్తి తెచ్చాడు. మూడోసారి తిప్పినప్పుడు చోకు కిర్రుమని కదిలి బయటికొచ్చింది. నాగవంశీ చెయ్యి చాపేలోపే జాక్సన్ దాన్ని పెట్రోలు గుడ్డలో చుట్టి మరలన్నీ తుడిచేశాడు. పనిలో శుభ్రమంటే అతనికి అంత పట్టింపు. గొట్టం లోపలి మరల్ని కూడా బ్రష్షుతో తోమి, ఆరాక పల్చగా గ్రీజు రాశాడు.

తొమ్మిదీ నలభై. మైకులో పేర్లు పిలుస్తున్నారు. నాగవంశీ తన ఇరుకు చోకు తీశాడు. కంగారులో అది జారి సిమెంటు నేల మీద పడింది. నోరు ఒక పక్కకి సొట్టపోయింది. సొట్ట చోకుతో కాలిస్తే గన్నుకే ప్రమాదం.

“అయిపోనాది,” అని నేల మీద కూలబడ్డాడు.

జాక్సన్ తన గన్నులోంచి ఇరుకు చోకు విప్పి అతని చేతిలో పెట్టాడు.

“మరి నీకో?”

“నాకు మద్దిరకం చోకు ఉంది. సాల్తాది.”

“వొద్దు బావ. నువ్వోడిపోతావు.”

“పట్టు. టైము నేదు.”

పాతిక పళ్లేల్లో నాగవంశీ ఇరవైమూడు పగలగొట్టాడు. జాక్సన్ ఇరవైరెండు. ఆఖరి పళ్లేన్ని అతని రెండో దెబ్బ అందుకోలేకపోయింది. అది చెక్కుచెదరకుండా వెళ్లి దూరంగా తుప్పల్లో పడింది.

జాబితాలో పేరు చూసుకుని నాగవంశీ జాక్సన్‌ని కావలించుకుని ఏడ్చేశాడు. “నీ సీటు నాకిచ్చీసేవు బావ.”

“అలాగనకు.”

ఫోన్లో చిట్టెమ్మ కూడా ఏడుస్తోంది. “సొంత అన్నదమ్ముడు సేస్తాడేట్రా ఇంత పని? నిన్ను కన్న తల్లి కడుపు సల్లగుండ, జాక్సనూ.”

జాక్సన్ తల వంచుకుని తన గన్ను తుడవసాగాడు. చోటు పోయిన బాధ ఎవరికి మాత్రం ఉండదని నాగవంశీ అతని భుజం మీద చెయ్యి వేశాడు.

“వొచ్చే యేడు నువ్వే బావ.”

జాక్సన్ ఆ చెయ్యి మెల్లగా తీసేసి, ఒక్కడే గేటు వైపు నడిచాడు.

నిన్న సాయంత్రం ఆ మరల్లో గమ్ము పూసింది అతనే.